జూమ్ హెచ్1ఎన్: సినిమా ముగిశాక మొదలయ్యే చర్చల కోసం ఒక చిన్న రికార్డరు

చెన్నైలో ఏడాది పొడుగునా ఎక్కడో ఒకచోట చిన్న చిత్రోత్సవమో, ఫిల్మ్ సొసైటీ ప్రదర్శనో జరుగుతూనే ఉంటుంది. అక్కడ సినిమా ముగిసి దీపాలు వెలిగాక దర్శకుడికీ ప్రేక్షకులకూ నడుమ అరగంటో ముప్పావుగంటో సాగే చర్చను పదిలపరచడానికి జూమ్ కంపెనీవారి హెచ్1ఎన్ అనే జేబు రికార్డరు ఎంతవరకు పనికివస్తుందో చెప్పడం ఈ సమీక్ష ఉద్దేశం. సంగీతకారులు దీన్ని వేరే కొలతలతో తూస్తారు, అవి ఇక్కడ పెద్దగా అక్కరకు రావు. నేనూ, కోడంబాక్కం, వడపళని ప్రాంతాల్లో స్థిరపడిన మరికొందరు తెలుగు మిత్రులూ దీన్ని వాడుతున్నది ఒకే ఒక్క పనికి: నలభై యాభై మంది కూర్చున్న గదిలో, మైకు అందనివాళ్ళు అన్న మాటలు కూడా, ఆ రోజు అక్కడ లేనివారికి పదేళ్ళ తరువాత వినిపించినా అర్థమయ్యేలా నిలబెట్టడానికి.

ఈ పనికి ఇంత పట్టింపు ఎందుకంటే, పోగొట్టుకోవడంలో మన సినిమాకు ఉన్న అనుభవం సామాన్యమైనది కాదు. మచిలీపట్నంలో పుట్టి, మద్రాసులో గెయిటీ థియేటరు కట్టించిన రఘుపతి వెంకయ్య, ఆయన కుమారుడు ప్రకాశ్ కలిసి నిర్మించిన మూకీలు ఈనాడు చూద్దామన్నా దొరకవు. నటరాజ మొదలియార్ ఇదే నగరంలో తీసిన, దక్షిణాదికి తొలి కథాచిత్రమైన ‘కీచకవధం’ గతీ అంతే. 1952లో ప్రభుత్వం నిర్వహించిన మొదటి అంతర్జాతీయ చిత్రోత్సవం బొంబాయిలో మొదలై మద్రాసుకూ వచ్చింది. ఆ సినిమాలు చూసి బయటికి వచ్చిన ఇక్కడి కుర్రాళ్ళు ఏమని వాదించుకున్నారో, పత్రికల్లో అచ్చయినంత మేరకే మనకు తెలుస్తుంది. సినిమా పోయినా దాని వివరమైనా మిగలాలని పట్టుబట్టి దశాబ్దాల తరబడి ఫొటోలు, పేర్లు, విడుదల తేదీలు కూడబెట్టిన ఫిల్మ్ న్యూస్ ఆనందన్ వంటివారు తమిళ సినిమాకు దొరికారు. 2016లో ఆయన పోయేనాటికి తమిళ సినిమా చరిత్ర రాసే ఎవరైనా ఆయన గుమ్మం తొక్కక తప్పని స్థితి ఉండేది. తరమణిలోని రోజా ముత్తయ్య పరిశోధన గ్రంథాలయంలో పాత సినిమా పాటల పుస్తకాలు ఇంకా చేతికి అందుతున్నాయంటే, ఎవరో ఒకరు వాటిని చిత్తుకాగితాలని పారేయకుండా దాచినందువల్లనే.

పెద్ద ఉత్సవాలకు ఈ బెంగ కొంత తక్కువ. ఇండో సినీ అప్రిసియేషన్ ఫౌండేషన్ వారు 2003 నుంచి నడుపుతున్న చెన్నై అంతర్జాతీయ చిత్రోత్సవానికి పత్రికల్లో వార్తలు, ప్రదర్శనల పట్టికలు వస్తాయి కనుక ఏ సంవత్సరం ఏమి జరిగిందో తరువాత కూర్చుకోవచ్చు. చిన్న వేదికల సంగతి వేరు. మదురైలో 1998 నుంచి డాక్యుమెంటరీ, లఘుచిత్రాల ఉత్సవం జరుపుతున్న మరుపక్కం వంటి బృందాలు గానీ, చెన్నైలోనే జరిగే క్వీర్ (స్వలింగ, ట్రాన్స్ జీవితాల) చిత్రోత్సవం ‘రీల్ డిజైర్స్’ గానీ, దర్శకుడు పా. రంజిత్ నెలకొల్పిన నీలం సంస్థవారు దళిత సినిమా కోసం జరిపే పి.కె. రోజీ చిత్రోత్సవం గానీ తీసుకుంటే, అక్కడ సినిమా ఎంత ముఖ్యమో తరువాతి మాట కూడా అంతే ముఖ్యం. ఒక ఊరి శ్మశానం గురించి తీసిన డాక్యుమెంటరీ చూశాక ఆ ఊరివాడే లేచి నిలబడి ‘మీరు చూపించనిది ఇంకొకటి ఉంది’ అని మొదలుపెడితే, ఆ పది నిమిషాలు సినిమాకు పొడిగింపే తప్ప మరొకటి కాదు. వాటి ఆనవాలుగా చివరికి మిగిలేది ఒక పోస్టరు, వాట్సాప్‌లో తిరిగిన ఆహ్వానం, వేదిక మీద అందరూ వరుసగా నిలబడిన ఒక ఫొటో. ఎవరేమన్నారన్నది మాత్రం ఆ ఫొటోలో కనబడదు.

ఇక యంత్రం సంగతి. హెచ్1ఎన్ 2018లో వచ్చింది. 2010 నాటి హెచ్1కు ఇది సవరించిన రూపం. అరచేతిలో ఇమిడిపోతుంది, బ్యాటరీలు లేకుండా అరవై గ్రాములు తూగుతుంది. తల మీద రెండు మైకులు తొంభై డిగ్రీల కోణంలో ఒకదానికొకటి అడ్డంగా అమరి ఉంటాయి. నడుమ పెద్ద ఎర్ర బొత్తం, పైన శబ్దం మోతాదు తిప్పుకొనే చక్రం, చిన్న నలుపు తెలుపు తెర. రెండు ట్రిపుల్ ఏ బ్యాటరీలతో దాదాపు పది గంటలు నడుస్తుందని కంపెనీ చెప్పే లెక్క. నాకు దీనిలో అన్నిటికన్నా నచ్చిన గుణం ఇదే. ఉత్సవం మూడో రోజు సాయంత్రం బ్యాటరీ అయిపోతే వీధి చివరి కొట్టులో దొరికే బ్యాటరీ వేసుకొని మళ్ళీ కూర్చోవచ్చు, ఛార్జరు కోసం గోడ వెంట ప్లగ్గు వెతుక్కొనే అవస్థ ఉండదు.

హాల్లో దీన్ని ఎక్కడ పెట్టాలన్నదానిమీదే సగం ఫలితం ఆధారపడి ఉంటుంది. చాలామంది చేసే పని, వేదిక మీది బల్లపైన నేరుగా పెట్టడం. బల్ల మీద ఎవరు నీళ్ళ సీసా దించినా, వేళ్ళతో దరువు వేసినా ఆ చప్పుడంతా ప్లాస్టిక్ ఒంటిలోకి ఎక్కుతుంది. తేలికపాటి రికార్డర్లన్నిటికీ ఉన్న స్వభావమే ఇది. బల్ల తప్పనిసరి అయితే నాలుగు మడతలు పెట్టిన తువ్వాలు కింద పరచాలి. అంతకన్నా మేలైన ఏర్పాటు, యంత్రం వెనుక ఉన్న మరబిలానికి ఒక చిన్న ట్రైపాడ్ బిగించి, మొదటి వరుస చివర, నడవా పక్కన, కూర్చున్నవారి ముఖం ఎత్తులో నిలబెట్టి, మైకులను వేదికవైపు కాకుండా, హాలుకు అడ్డంగా, ఎదుటి పక్కగోడవైపు తిప్పడం. అప్పుడు దర్శకుడి గొంతు ఒక చెవివైపు, ప్రేక్షకుల గొంతులు రెండో చెవివైపు పడతాయి. తరువాత ఇయర్‌ఫోన్లు పెట్టుకొని రాతలోకి దించేటప్పుడు, ముగ్గురు ఒకేసారి మాట్లాడిన చోట ఎవరి మాట ఎటునుంచి వచ్చిందో విడదీయడానికి ఈ ఏర్పాటు చేసే మేలు అంతా ఇంతా కాదు. హాలు సౌండు మిక్సరు నుంచి తీగ లాగి యంత్రానికి కలపడం సులువైన దారిలా కనిపిస్తుంది గానీ, బయటి తీగ పెట్టగానే లోపలి మైకులు పనిచేయడం మానేస్తాయి. మైకు పట్టుకున్న పరిచయకర్త గొంతు మాత్రం అద్దంలా వచ్చి, వెనుక వరుసలోంచి అరిచి అడిగిన మంచి ప్రశ్న గల్లంతవుతుంది.

ఏసీ రొద, పంకాల హోరు మన హాళ్ళలో తప్పవు. దీనిలో 80, 120, 160 హెర్ట్జ్ వద్ద కింది శబ్దాలను కోసివేసే మూడు మెట్లు ఉన్నాయి. మాట కోసమైతే 120 చాలినంత. బరువైన మగ గొంతు కొద్దిగా పలచబడుతుంది గానీ అక్షరం చెడదు. దానంతట అదే మోతాదు సర్దుకొనే ఆటో లెవెల్ సౌకర్యాన్ని మాత్రం చర్చల్లో వాడకపోవడమే మంచిదని నా అభిప్రాయం. చప్పట్లు మోగగానే అది మోతాదు తగ్గిస్తుంది, చప్పట్లు ఆగిన వెంటనే దర్శకుడు నెమ్మదిగా మొదలుపెట్టిన మొదటి వాక్యం ఆ తగ్గుదలలో చిక్కుకుపోతుంది. సాధారణంగా అతను అసలు విషయం చెప్పేది ఆ వాక్యంలోనే. చక్రాన్ని చేత్తో తిప్పి, మాటలు తెరమీద మైనస్ 12 డెసిబెల్ దరిదాపుల్లో ఆడేలా పెట్టి, నవ్వులకూ చప్పట్లకూ కాపలాగా, శబ్దం హద్దు దాటకుండా ఆపే లిమిటరును ఆన్ చేసి ఉంచితే పని జరుగుతుంది. చాలా మెల్లగా మాట్లాడేవారి దగ్గర, మోతాదు బాగా పెంచినప్పుడు, వెనుక ఒక సన్నని బుస వినిపిస్తుంది. ఈ ధరలో దొరికే రికార్డర్లకు అది సహజం, చర్చ వినడానికి అడ్డం కాదు.

ఫైళ్ళ విషయంలో కొన్ని లెక్కలు తెలిసి ఉండాలి. 24 బిట్, 48 కిలోహెర్ట్జ్ వేవ్ (శబ్దాన్ని కుదించకుండా దాచే ఫైలు) రూపంలో గంటకు ఒక గిగాబైటుకు కాస్త ఎక్కువ పడుతుంది. ఇది స్వీకరించే మైక్రో ఎస్‌డీ కార్డు గరిష్ఠం 32 జీబీ కనుక, వారం రోజుల ఉత్సవంలో రోజుకు మూడు నాలుగు చర్చలు పట్టినా కార్డు నిండదు. ఒక ఫైలు 2 జీబీ దాటితే యంత్రం దాన్ని ఆపకుండానే రెండో ఫైలుగా కొనసాగిస్తుంది, అంటే రెండు గంటలు దాటిన సభకు రెండు ముక్కలు ఉంటాయని ముందే అనుకోవాలి. ఎంపీ3లో రికార్డు చేసి చోటు కలిసివచ్చిందని సంతోషించడం దండగ. దాచవలసిన ప్రతిని వేవ్‌లోనే ఉంచి, పంచుకోవలసిన ప్రతిని తరువాత ఎంపీ3 చేసుకోవచ్చు. యంత్రం ఫైలుకు పెట్టే పేరులో సినిమా పేరు గానీ హాలు పేరు గానీ ఉండదు. అందువల్ల ఎర్ర బొత్తం నొక్కిన వెంటనే యంత్రం దగ్గర నోరు పెట్టి తేదీ, హాలు పేరు, సినిమా పేరు, దర్శకుడి పేరు, చర్చ నడిపేవారి పేరు చెప్పడం అలవాటు చేసుకోవాలి. ఎప్పుడో ఒకనాడు ఫైలు పేర్లు కలగాపులగమైనా ఆ పదిహేను సెకన్ల గొంతు దాని ఊరూ పేరూ చెబుతుంది.

కార్డు గురించి ఒక హెచ్చరిక. మా బృందంలో ఒక మిత్రుడు చెన్నైలోని ఎలక్ట్రానిక్ సామాన్ల బజారు రిచీ స్ట్రీట్‌లో ఒక కొట్టులో కొన్న కార్డు పైన 32 జీబీ అని ఉంది. నిజానికి దాని లోపలి చోటు అందులో నాలుగో వంతు కూడా లేదు. యంత్రం ఎక్కడా మొరాయించలేదు, తెర మీద సమయం నడుస్తూనే ఉంది, ఇంటికి వచ్చి చూస్తే చివరి రోజు చర్చలు తెరుచుకోలేదు. కొట్టువాడు బిల్లు ఇవ్వలేదు కనుక అడగడానికీ లేకపోయింది. కొత్త కార్డు ఏదైనా ముందు కంప్యూటరులో పెట్టి హెచ్2టెస్ట్‌డబ్ల్యూ అనే ఉచిత సాఫ్ట్‌వేరుతో నిండా రాయించి, తిరిగి చదివించి, ఆ తరువాత రికార్డరులోనే ఫార్మాట్ చేయడం శ్రమ అనిపించినా తప్పదు. రిచీ స్ట్రీట్ మీద నాకు కోపం లేదు. ట్రైపాడ్, గాలి చప్పుడు ఆపే నురుగు తొడుగు, బ్యాటరీ డబ్బా అక్కడ దొరికినంత చవకగా ఇంకెక్కడా దొరకవు.

సినిమా నడుస్తున్నంతసేపూ ఈ యంత్రం సంచీలోనే ఉండాలి. ఇది మర్యాదకు సంబంధించిన మాట మాత్రమే కాదు. 2023లో సవరించిన సినిమాటోగ్రాఫ్ చట్టం, అనుమతి లేకుండా ప్రదర్శనను రికార్డు చేయడాన్ని మూడు నెలలకు తగ్గని, మూడేళ్ళ వరకు పొడిగించదగిన జైలు శిక్షకూ, మూడు లక్షలకు తగ్గని జరిమానాకూ దారి తీసే నేరంగా పెట్టింది. చిన్న ఉత్సవంలో దర్శకుడు మన మిత్రుడే కావచ్చు. అయినా రికార్డరు బయటికి తీసేది ఆఖరి పేర్లు పైకి పాకిపోయి దీపాలు వెలిగాకనే అనే నియమం పెట్టుకుంటే ఎవరికీ అనుమానం రాదు. ఆ పైన నిర్వాహకుల అనుమతి ముందే రాతలో తీసుకొని, చర్చ మొదట్లో సభకు ఒక మాట చెప్పించాలి. ప్రేక్షకుల్లో తమ పేరు, గొంతు బయటికి రాకూడదనుకొనేవారు ఉంటారు. క్వీర్ చిత్రోత్సవాల్లో, కులం గురించిన సినిమాల తరువాత జరిగే చర్చల్లో ఈ జాగ్రత్త ఇంకా ఎక్కువ కావాలి. ఫిల్మ్ సొసైటీ ఉద్యమంలో తల పండిన ఒక పెద్దాయన చర్చ ముగిశాక నా దగ్గరికి వచ్చి, ‘బాబూ, ఇందాక సెన్సారువాళ్ళ గురించి నేనన్న మాట తీసెయ్యి, మిగతాదంతా నీ ఇష్టం’ అన్నారు. ‘అలాగేనండీ, ఇక్కడ కొంత తీసేశామని మాత్రం రాసి పెడతాను’ అంటే, ‘అది రాసుకో, ఏం తీశావో రాయకు’ అని నవ్వుతూ వెళ్ళిపోయారు. తీసేసిన చోటును దాచకుండా, తీసిన మాటను దాచడం ఈ పనిలో సరైన పద్ధతిగా నాకు తోస్తుంది.

‘అన్నా, ఈ మాత్రం దానికి ఫోను చాలదా?’ అని వలసరవాక్కంలో ఉండే ఒక తెలుగు సహాయ దర్శకుడు అడిగాడు. గది చిన్నదై, పదిమందే ఉంటే చాలుతుంది. కొత్త ఫోన్ల మైకులు తీసిపారేయదగినవేమీ కావు. అయితే ఫోనుకు మధ్యలో కాల్ వస్తుంది, సందేశం వణికిస్తుంది, చోటు నిండిందని అలుగుతుంది. మాటను స్పష్టం చేస్తున్నానని అది వెనుకనున్న గొంతులను రొదగా లెక్కగట్టి అణచివేస్తుంది. మనకు కావలసినది ఆ వెనుక గొంతులే. పైగా బల్ల మీద ఫోను ఉంటే అది రికార్డు చేస్తోందో, ఊరికే పడి ఉందో ఎదుటివారికి తెలియదు. రికార్డరు మీద వెలిగే ఎర్ర దీపం చాటుమాటు లేకుండా తన పని చెబుతుంది. దాన్ని చూశాక మాట అదుపులో పెట్టుకోవాలో వద్దో మాట్లాడేవారి ఇష్టానికే వదిలినట్టవుతుంది.

ఇంటికి తెచ్చాక జరగవలసిన పనికి ఈ యంత్రం చేసే సాయం కొద్దిదే అయినా ఉపయోగకరమైనది. వేగాన్ని సగం వరకు తగ్గించి వినవచ్చు, కావలసిన ముక్కను మళ్ళీ మళ్ళీ తిప్పుకోవచ్చు. వెనుక ఉన్న చిన్న స్పీకరు రికార్డయిందో లేదో చూసుకోవడానికి తప్ప దేనికీ పనికిరాదు. చెన్నై చర్చలను రాతలోకి దించడం ఒక పరీక్ష: ప్రశ్న తమిళంలో మొదలై ఇంగ్లీషులోకి దాటుతుంది, మన తెలుగు దర్శకుడు రెండు వాక్యాలు తమిళంలో తడబడి, తెలుగులో ముగిస్తాడు, పరిచయకర్త దాన్ని మళ్ళీ తమిళంలో చెబుతూ సగం మింగేస్తాడు. మాటను రాతగా మార్చే సాఫ్ట్‌వేర్లు చాలావరకు ఒక భాష పట్టుకొని నడుస్తాయి కనుక ఇలాంటి చోట తికమకపడతాయి. చెవితో విని చేత్తో రాసుకోవడమే చివరికి తక్కువ సమయం తీసుకుంటుంది. దాచడం గురించి చెన్నైవారికి ఎవరూ పాఠం చెప్పనక్కరలేదు. 2015 డిసెంబరు వరదల్లో కింది అంతస్తుల్లో ఉన్న పుస్తకాలు, డిస్కులు, ఫొటోలు ఎన్ని ఇళ్ళలో తడిసిపోయాయో అందరికీ గుర్తే. మా వేవ్ ఫైళ్ళ ప్రతి ఒకటి ఇక్కడి హార్డ్‌డిస్కులో, మరొకటి నెల్లూరులో ఒక మిత్రుడి ఇంట్లో, వినిపించడానికి అనుమతి ఉన్నవి మూడో ప్రతిగా ఇంటర్నెట్ ఆర్కైవ్ అనే ఆన్‌లైన్ భాండాగారంలో ఉంటాయి. ప్రతిదానికీ ఒక పేజీ కాగితం ఉంటుంది: ఎవరు, ఎక్కడ, ఏ సినిమా, ఏ భాషల్లో, ఎవరి అభ్యంతరంతో ఏ నిమిషం తీసేశాము. ఆ కాగితం లేని రికార్డింగు కొన్నేళ్ళకు సొంతదారుడికే అంతుబట్టదు.

ఇప్పుడు కొనేవారి ముందు 2024లో ఇదే కంపెనీ తెచ్చిన హెచ్1ఎసెన్షియల్ కూడా ఉంది. అది 32 బిట్ ఫ్లోట్‌లో, అంటే మెల్లని శబ్దాన్నీ గట్టి శబ్దాన్నీ ఒకే ఫైలులో ఇముడ్చుకొనే పద్ధతిలో రికార్డు చేస్తుంది. మోతాదు చక్రమే దానికి లేదు. మెల్లని మాటను తరువాత పెంచుకోవచ్చు, గట్టి చప్పట్లు చిట్లిపోవు. ఫైళ్ళు గంటకు 1.4 జీబీ దాకా పెరుగుతాయి గానీ కార్డు 1 టీబీ వరకు పడుతుంది, కేబులు కూడా టైప్ సీ. చూపు లేనివారు వాడుకొనేలా బొత్తాల పనిని గొంతుతో చెప్పే ఏర్పాటు ఉండటం దానికి నేను ఎక్కువ మార్కులు వేయడానికి కారణం. చర్చలు రాతలోకి దించేవారిలో చూపు లేని మంచి శ్రోతలు ఉన్నారు. ఉత్సవంలో స్వచ్ఛందంగా పనిచేసే కుర్రాళ్ళ చేతికి యంత్రం ఇవ్వాలనుకొనే నిర్వాహకులు కొత్తదే తీసుకోవాలి, తిప్పవలసిన చక్రం లేకపోతే తప్పు తిప్పే అవకాశమూ ఉండదు. హాల్లో తామే కూర్చొని, ఇయర్‌ఫోన్లు చెవిలో పెట్టుకొని, శబ్దాన్ని కనిపెట్టుకొని ఉండగలవారికి హెచ్1ఎన్ ఇప్పటికీ చాలు. పాతది దొరికితే డబ్బూ మిగులుతుంది. పాతది కొనేటప్పుడు బ్యాటరీ గదిలో తీగముక్కలకు పచ్చ తుప్పు పట్టిందేమో, పక్కనున్న స్విచ్చు ఆన్ వైపు గట్టిగా నిలుస్తోందో లేదో, ఇయర్‌ఫోను రంధ్రంలో తీగ కదిపితే ఒక చెవి మూగబోతోందేమో, కొట్టులోనే అరగంట రికార్డు చేసి వినాలి. మీతో ఒక కొత్త బ్యాటరీల జత, పరీక్షించిన కార్డు తీసుకెళ్ళండి. కొట్టువాళ్ళు ఇచ్చే బ్యాటరీలు పావుగంటకే తల వాలుస్తాయి.